ఎడమచేతి గాటు

మున్సిఫు దొరవారికి,

పన్ను కట్టి సర్కారు నంబరు వేయించని ఈతచెట్టును కల్లుకు గీశాడని మా అన్న పర్శరాములును ఆరు నెలల శిక్ష వేసి సిద్దిపేట జైల్లో పెట్టించారు. గీసింది నేను. నాది ఎడమచేతి వాటం. గాటు ఎటు వాలిందో చూస్తే కల్లు గీసేవాడు ఎవడైనా చెబుతాడు.

తీర్పునాడే కచేరీలో ఈ మాట చెప్పాను. "ఎవడు గీస్తేంది? ఒకడు లోపలుంటే ఊరు భయపడ్తది" అన్నారు మీరు.

భయపడింది దొరా. సాక్ష్యానికి పిలిస్తే నా వెంట ఒక్కడూ రాలేదు. తప్పు చేసినవాడికి వేస్తే శిక్ష. చేయనివాడికి వేసినదాన్ని మీ కానూనులో ఏమంటారు?

సోమవారం పొద్దున ఊరంతా చూస్తుండగా అదే చెట్టు మళ్లీ గీస్తాను. పాత గాటు పక్కనే కొత్తది ఉంటుంది. జవాన్లతో పాటు మీరూ వచ్చి చూడండి. నన్ను తీసుకుపోయే బండిలోనే మా అన్నను తీసుకురండి.

ఆ చెట్టు గీసినవాడు