పొయ్యి లేని నమూనా

మంగళవారం రాత్రి, అరకు

ఉదయం నేను చేసిన ఇంటి నమూనా మీద ఒక చీమ నడిచింది. గుమ్మాన్ని పట్టించుకోకుండా గోడెక్కి దిగిపోయింది.

కొండ మీది ఊళ్లో కట్టబోయే ఇళ్లకు ఇది నా మొదటి డిజైన్. రూపం చక్కగా కుదిరిందని ఆఫీసులో సార్ అన్నారు. ఊళ్లో ముసలి సోములమ్మ దాన్ని అటూ ఇటూ తిప్పి నవ్వింది.

"ఈ ఇల్లు బొమ్మలకేటి, గుంటా? పొయ్యి బయటెట్టీసినావు. పొగ తగల్నేకపోతే ఇత్తనాలు పురుగట్టిపోవా?"

ఆమె ఇంట్లో పొయ్యికి పైన విత్తనానికని వేలాడదీసిన చోడి (రాగి) కంకులు పొగకు నల్లబడి ఉన్నాయి. నేను ఆ ఇంటిని బయటి నుంచే కొలిచాను. లోపలి చీకటిని లోపమనుకుని పెద్ద కిటికీలు గీశాను.

పొయ్యి లోపలికి తేవాలని రేపు సార్‌తో చెప్పాలి. ఆ వాక్యం నాలుగుసార్లు రాసి చూశాను.

మొదటి ఇల్లు సోములమ్మకే. పాతది శుక్రవారం విప్పేస్తారు.