కొత్తల్లుడు పీకిన చిక్కుడు

అక్కా, నేను క్షేమం. అక్కడ మీరూ అంతేనని నమ్ముతున్నాను.

"తోటలోకి రోబోలొచ్చాయిగా, ఇక మీ చెల్లెల్ని పనిలోంచి పీకేస్తారు" అని బావ అన్నాడని రాశావు. అయితే విను. కలుపు తీసే రోబో క్యాబేజీ వరసల వెంట తనంతట తనే తిరుగుతుంది. చినుకు పడితే గడప దాటదు, అందుకే కొత్తల్లుడని పేరు పెట్టాం. నువ్విచ్చిన చిక్కుడు గింజలు వరస చివర నాటితే ముచ్చటగా మొలిచాయి. మొన్న ఆ మహానుభావుడు ఒక్కటి మిగిల్చి అన్నీ పీకి పారేశాడు. "కళ్ళు నెత్తికెక్కాయా?" అని అరిచాను. మెకానిక్ పడీ పడీ నవ్వాడు.

"వాడి కెమెరాలు నెత్తిమీదే కదా వదినా! క్యాబేజీ కానిదంతా వాడికి కలుపే. నేర్పితే మానేస్తాడు."

సరేనని, మిగిలిన మొలకను అన్ని వైపుల నుంచీ చూపించి, ఇదీ పంటేనని నేర్పాను. ఇప్పుడు దాని దగ్గరికి రాగానే ఒళ్ళు దగ్గర పెట్టుకుని తప్పుకుంటున్నాడు. అది చూసి మేనేజరు మిగతా రోబోలకు నేర్పే పనీ నాకే అప్పగించాడు.

గింజలు మళ్ళీ పంపు, ఈసారి పిసినారితనం వద్దు. నా కుట్టు మిషను ఎవరడిగినా ఇవ్వకు. చిన్నదానికి దగ్గు తగ్గిందా? పిల్లలకు ముద్దులు. బావకు నమస్కారాలు చెప్పి, ఇక్కడ దేన్ని పీకాలో, దేన్ని ఉంచాలో చెప్పేది తన మరదలేనని కూడా చెప్పు.

నీ చెల్లి