అక్కా, నువ్వు రావద్దు

అక్కా,

నేను లేచి తిరుగుతూనే ఉన్నాను, కంగారు పడకు. కానీ నన్ను చూడటానికి మాత్రం రావద్దు. మా వీధిలో పట్టిన దోమల్లోనే నేను ల్యాబులో చదువుతున్న వైరస్, కడుపులో బిడ్డలకు ముప్పు తెచ్చేది, దొరికింది.

కింది వాటాలో బట్టలు కుట్టే ఆవిడకు నీలాగే ఆరో నెల. జ్వరమొస్తే రక్తం నేనే పరీక్షించాను. అదేనని చెప్పగానే మిషను ఆపేసి, "బిడ్డకేం కాదు కదమ్మా?" అంది. చెప్పలేమన్నాను. "ఏళ్ల తరబడి దీన్నే చదువుతున్నారట, మరి మందేదీ?" అంది. ఇంకా లేదన్నాను. ఆవిడ తిట్టలేదు, మెల్లగా తలుపేసుకుంది. ఏం చదివి ఏం లాభమక్కా? మైక్రోస్కోపు ముందు కూర్చోబుద్ధి కావడం లేదు.

అమ్మ మోకాళ్ల నొప్పి తగ్గిందా? కూలర్లో నీళ్లు బావగారిని రోజూ పారబోయమను. పగలు పడుకున్నా దోమతెర కట్టుకో, ఈ దోమ పగలే కుడుతుంది. నా చాదస్తమని నవ్వకు.

నేనూ ఇప్పట్లో రాను. నిన్నటి నుంచి నాకూ ఒళ్లు కాలుతోంది. అక్కడ నన్ను కుట్టిన దోమ నిన్నూ కుడితే? ఈ మాట అమ్మకు చెప్పకు. కడుపులోని బంగారానికి పిన్ని దీవెనలు, దూరం నుంచే.

నీ చెల్లి