మొదటి తరగతిలో మూడో ఏడు

సంగీత పాఠశాల ప్రిన్సిపాల్ గారికి, మొదటి తరగతిని వదల్లేకపోతున్న విద్యార్థి నమస్కరించి చేసుకునే మనవి.

రెండుసార్లు పరీక్ష తప్పినవాళ్ళ పేర్లు తీసేస్తామని నోటీసు బోర్డులో చూశాను. ఆ జాబితాలో నా పేరొక్కటే ఉంది. ఇంత ప్రత్యేకత నాకు కాలేజీలో కూడా దక్కలేదు.

నిజానికి వయొలిన్ నేర్చుకోవాలని చేరింది డెబ్బై రెండేళ్ళ మా అమ్మమ్మ. మెట్లెక్కేటప్పుడు ఆవిడకి తోడుగా అమ్మ నన్నూ చేర్పించింది. ఇప్పుడు అమ్మమ్మ మూడో తరగతికి వెళ్ళింది. మెట్లు కూడా నాకంటే ముందే ఎక్కేస్తోంది. "ఇంక నాకు తోడక్కర్లేదురా. నువ్వు మానేస్తే ఇరుగుపొరుగు సుఖపడతారు" అంటోంది.

పరీక్షలో మాస్టారు "ఇది ఏ పాట బాబూ?" అని అడిగితే, "మీరే చెప్పాలి సార్" అని నేను జవాబిచ్చిన మాట వాస్తవమే.

కానీ పోయిన ఆదివారం ఒక చిన్న వరుస ఎలాగో సరిగ్గా పలికింది. వంటింట్లోంచి అమ్మమ్మ గరిటెతో సహా పరుగెత్తుకొచ్చింది.

"ఎవర్రా వాయించింది?"

"నేనే అమ్మమ్మా."

"చాల్లే! ఏదీ, మళ్ళీ వాయించు."

వాయించాను, రాలేదు. గంటసేపు వాయించాను, అయినా రాలేదు. పొయ్యి మీద కూర మాడిపోతున్నా అమ్మమ్మ గుమ్మంలోంచి కదల్లేదు.

అది రెండోసారి పలికేదాకా నా పేరు కొట్టేయకండి. ఎనిమిదేళ్ళ పిల్లల వెనక బెంచీలోనే కూర్చుంటాను.

ఇట్లు,
'పూర్వ విద్యార్థి' అనిపించుకోవడం ఇష్టంలేని
మీ విద్యార్థి