తూర్పు రింగు దగ్గర గుల్ల నేల

ఆగస్టు 18, సోమవారం

ఓడిపోయాం. మన కాలేజీ బాస్కెట్‌బాల్ కోర్టులోనే. 58–61.

షీటులో ఆఖరి గీత వంకరగా పడింది. మూడేళ్ళుగా స్కోరు టేబుల్ దగ్గర కూర్చుంటున్నాను. మా కెప్టెన్ ఢిల్లీ ఈ కోర్టులో ఓడిపోవడం ఇది రెండోసారి. మొదటిది ఫస్టియర్‌లో, వానలో, బంతి సబ్బులా జారిన రోజు. అది లెక్కలోకి రాదని అందరూ అన్నారు. ఈరోజు వాన లేదు.

సోంపేట నుంచి వచ్చిన జట్టు. వాళ్ళు బంతిని నేలకు కొట్టుకుంటూ రాలేదు. చేతి నుంచి చేతికి, చేతి నుంచి చేతికి... నేలకు తగిలితే కదా ఢిల్లీ లాక్కోవడానికి.

ఆట అయ్యాక కెప్టెన్ సంతకం కోసం వచ్చాడు. షీటు కింద నుంచి పైకి చదివాడు.

"మూడేనా?"

ఈరోజు లాక్కున్న బంతులు మూడే అన్నాను. ఢిల్లేశ్వరరావు అని పూర్తిగా రాశాడు, గెలిచినప్పుడు రాసేలాగే.

గోడ అవతల జీడిపప్పు ఫ్యాక్టరీ. పని దిగిన ఆడవాళ్ళు గోడ మీద నుంచి చూస్తారు. ఈరోజు ఒక్క కేక లేదు.

ఆగస్టు 19

అమ్మ ఆ ఫ్యాక్టరీలోనే పప్పు ఏరుతుంది. అక్కడా ఇదే మాటట. "మీ వోడు ఓడిపోనాడటగా?"

మా వాడేమిటి అన్నాను.

"మరెవులోడు? ఫేక్టిరీ అంతా అలగే అంటాది. నానేటి సెయ్యను."

చారు పొంగిపోయింది ఈ గొడవలో. ఇద్దరం నవ్వుకున్నాం.

ఆగస్టు 21, గురువారం

ఇది రాయకుండా నిద్ర పట్టదు.

నాకొక సొంత పుస్తకం ఉంది. మ్యాచ్‌కి ఒక పేజీ. పేజీలో కోర్టు బొమ్మ గీసి, ఢిల్లీ ఎదుటివాళ్ళ బంతి లాక్కున్న చోటల్లా ఒక చుక్క పెడతాను. ఎవరూ అడగలేదు. నాకే ఇష్టం. స్టాటిస్టిక్స్ చదువుతున్నానని ఒక గర్వం కూడా.

సాయంత్రం అమ్మ పక్కన కూర్చుని ఆ పుస్తకం తీసుకుంది. అమ్మకు అక్షరాలు రావు. మా ఇంట్లో బడి గడప దాటింది నేనొక్కదాన్నే. చదవడానికి ఏమీ లేదు కాబట్టి పేజీలు గబగబా తిప్పేసింది, మళ్ళీ వెనక్కి తిప్పింది.

"ఇదేటే, ఇన్నీ ఒక్కకాడే పడ్డాయి?"

చూశాను. తూర్పు రింగుకి ఎడమ పక్కన, నాలుగడుగుల దూరంలో. ప్రతి పేజీలో అక్కడే కుప్ప. పేజీ పేజీగా చూసి మూడేళ్ళలో నేను కనిపెట్టలేదు. రోజంతా నిండు పప్పు గుండునూ విరిగిన బద్దనూ విడదీసే అమ్మ కళ్ళు ఒక్క నిమిషంలో పట్టేశాయి.

బయటి ఊళ్ళ మ్యాచ్‌ల పేజీలు తీశాను. చుక్కలే తక్కువ. కొన్ని పేజీలు ఖాళీ.

ఆగస్టు 22

పొద్దున్నే కోర్టుకి. చెప్పులు విప్పి మడమతో కొట్టుకుంటూ నడిచాను. టప్, టప్, టప్... అక్కడికి రాగానే డుబ్.

గుల్ల.

పీడీ సారును అడిగాను. ఆయన ఈ కాలేజీలో నా వయసంత కాలంగా ఉన్నారు.

"అదా తల్లీ... ఇది పాత కళ్ళం కదేటి. జీడిపిక్కలు ఎండేసీవోరు. ఆ మూల వాననీళ్ళ గొయ్యుండీది. దాని మీదే సిమెంటేసీసారు. కింద ఇసక దిగిపోయుంటాది."

ఢిల్లీకి తెలుసా సార్?

"ఆడికెవులు సెప్తారు? ఆడు ఆడుకుంటాడంతే."

ఇప్పుడు అర్థమైంది. అక్కడ బంతి నడుము దాకా లేవదు, మోకాలి దగ్గరే చచ్చిపోతుంది. ఎదుటివాడు తడుముకునే ఆ అర క్షణం ఢిల్లీకి చాలు. తెలిసి చెయ్యడం లేదు. వాడి కాళ్ళకు తెలుసు, వాడికి తెలియదు. ఎదుటివాళ్ళను అటువైపే తరుముతాడు.

అందరూ "ఢిల్లీ చెయ్యి" అంటారు. వాడూ అదే నమ్ముకున్నాడు.

ఆగస్టు 24, ఆదివారం

చర్చిలో పాస్టరు గారు చెప్పింది ఒక్క మాటా ఎక్కలేదు.

చెప్పాలా వద్దా.

నవంబరులో విశాఖలో యూనివర్సిటీ జట్టు ఎంపికలు. అక్కడ చెక్క నేల. పోయినేడూ వెళ్ళాడు, ఉత్త చేతులతో వచ్చాడు. అదృష్టం లేదన్నారు. ఇది మాకు ఆఖరి సంవత్సరం, వాడికి ఆఖరి అవకాశం. ఆ జెర్సీ ఒక్కటి దొరికితే స్పోర్ట్స్ కోటాలో ఉద్యోగం దారి పడుతుందని సారు అంటారు. లేదంటే భావనపాడులో అన్నయ్యతో పడవ ఎక్కాలి. పడవ ఎక్కితే వాడికి వాంతులు. జాలరి ఇంట్లో పుట్టి ఇదేం ఖర్మరా అని వాళ్ళ నాన్న ఊరంతా చెప్పుకుని నవ్వుతాడట.

అమ్మను అడిగాను. పప్పు ఏరుతున్నట్టే చేతులు ఆడిస్తూ చెప్పింది.

"గుండుల్లో బద్ద కలిపీసి పంపీసేవనుకో, డబ్బా ఎనక్కొచ్చీత్తాది. ఇక్కడున్నప్పుడే ఏరీయాల."

ఆగస్టు 26, మంగళవారం

చెప్పేశాను.

ముందు నవ్వాడు. "ఏటి రూతూ, నేలకి కూడా మార్కులేత్తన్నావేటి?"

బంతి తెచ్చాడు. ఆ చోట కొట్టాడు. మోకాలు. ఒక అడుగు పక్కన కొట్టాడు. నడుము. మళ్ళీ అక్కడ. మళ్ళీ పక్కన. ఎన్నిసార్లో... నేను లెక్కపెట్టలేదు. మొదటిసారి లెక్కపెట్టలేదు.

"ఇన్నాళ్ళూ నా సెయ్యనుకున్నాను."

అంతే. చెప్పులు అక్కడే వదిలేసి హాస్టల్ వైపు వెళ్ళిపోయాడు. తీసుకెళ్ళి వాచ్‌మన్‌కి ఇచ్చాను.

ఆగస్టు 29

మాట్లాడడం లేదు. క్లాసులో చూపు పక్కకి తిప్పేస్తాడు.

హేమ నా బెంచీలోనే కూర్చుంటుంది, నా తరఫున ఉండదు. "నీకెందుకే ఆ సుక్కలు? బాగున్న గుంటడికి బెంగ పెట్టీసినావు."

సెప్టెంబరు 1

ప్రాక్టీసుకి రాలేదు. టేబుల్ దగ్గర ఊరికే కూర్చుని వచ్చాను.

సెప్టెంబరు 3, బుధవారం

లైబ్రరీలో ఎదురుగా వచ్చి కూర్చున్నాడు.

"ఆ పుస్తకం ఓపాలి సూపించు."

చూశాడు. చాలాసేపు. "బయటూళ్ళలో ఇంతేనా?" ఇంతే అన్నాను. అబద్ధం చెప్పాలనిపించింది, అయినా పేజీ వాడి ముందే ఉంది కదా.

పుస్తకం మూసి అన్నాడు — "ఆ గొయ్యి పూడ్సీమని సారుని అడుగుతాను."

సెప్టెంబరు 5

జట్టంతా గొడవ. స్కోరు టేబుల్ దాకా వినబడింది.

తవిటినాయుడు అందరికన్నా గట్టిగా. "మావా, నీకేటైనా పిచ్చా? మనకున్నదే ఆ ఒక్క సోటు. ఉన్నదాన్ని పూడ్సుకుంటావేటి?"

"విశాఖకి ఆ సోటు ఎత్తుకెల్తావేటి బావా, సంచిలో ఏసి?" అన్నాడు ఢిల్లీ.

నవ్వేశారు. తవిటి కూడా. కానీ నా వైపు చూసినప్పుడు నవ్వలేదు.

సెప్టెంబరు 8

పాత సిమెంటు పగలగొట్టారు. కింద నిజంగానే బోలు. లోపల నల్లబడ్డ జీడిపిక్కలు నాలుగు దొరికాయి. సారు చొక్కా జేబులో వేసుకున్నారు, ఎందుకో.

కంకర, దిమ్మిస, సిమెంటు. మేస్త్రీ ఒక్కడే, కుర్రాళ్ళంతా తట్టలు మోశారు. ఢిల్లీ దిమ్మిస వేస్తుంటే మేస్త్రీ — "సాలు బాబూ, పాతాళానికెల్తాది!"

సెప్టెంబరు 12

కొత్త సిమెంటు మీద తడి గోనెలు. ఫ్యాక్టరీ నుంచి అమ్మ అడిగి తెచ్చిన జీడిపిక్కల గోనెలు. పొద్దున నా వంతు, సాయంత్రం వాడి వంతు, నీళ్ళు పోయడం. తడిసిన గోనె వాసన, తూర్పు గాలి, ఎక్కడో పిక్కలు వేయించే పొగ. ఈ పనిలో నాకు హాయిగా ఉందని ఎవరికీ చెప్పను.

గోడ మీద నుంచి ఒకావిడ: "ఏటే గుంటా, మొక్కలేసినారేటి? ఏ కాయ కాత్తాది?"

బంతికాయ అన్నాను. నాలో ఇంత చురుకు ఎక్కడ నుంచి వచ్చిందో!

సెప్టెంబరు 24, బుధవారం

కొత్త నేల మీద మొదటి మ్యాచ్. 49–58.

మూడో ఓటమి. తొమ్మిది పాయింట్లు. టెక్కలి జట్టు, మనం ప్రతి ఏడూ సునాయాసంగా గెలిచేది.

ఢిల్లీ అటే తరిమాడు, అలవాటు. బంతి నడుము దాకా లేచింది. వాడి చెయ్యి గాలిలో మిగిలింది. మళ్ళీ. మళ్ళీ. చూడలేకపోయాను. కానీ చూడడమే నా పని.

ఒక్క చుక్క.

తవిటి టేబుల్ మీద చరిచి వెళ్ళాడు. "నీ పుస్తకమే ముంచీసింది మమ్మల్ని." కళ్ళ నీళ్ళు షీటు మీద పడకుండా తల వెనక్కి ఎత్తాను. ఢిల్లీ సంతకం పెట్టాడు, పెన్ను మూత పెట్టి ఇచ్చాడు. తిట్టినా బాగుండేది.

సెప్టెంబరు 25

నేనే చెడగొట్టానేమో.

సెప్టెంబరు 26

అమ్మ: "ఏరినోల్ల మీదే ముందు కోపం. తరవాత ఉండదు. అన్నం తిను."

అక్టోబరు 7, మంగళవారం

దసరా సెలవుల తరువాత మొదటి రోజు. ఏడింటి ఆటోలో వచ్చేసరికి వాడు కోర్టులో ఒక్కడే. నన్ను చూసి బంతి విసిరాడు. పుస్తకాలు కిందపడ్డాయి కానీ బంతి పట్టుకున్నాను.

"నువ్వు కొట్టుకుంటూ రా. నాను లాక్కుంటాను."

నాకు రాదు అన్నాను.

"మూడేళ్ళు సూసినావు కదేటి. రా!"

దుపట్టా నడుముకి చుట్టి కొట్టాను. రెండు అడుగులకే బంతి నా కాలికే తగిలి పోయింది. నవ్వీ నవ్వీ కూలబడ్డాడు. ఆ ఓటమి తరువాత ఇదే వాడి మొదటి నవ్వు.

పీడీ సారు వచ్చి చూసి వాడినే కేకలేశారు. "బంతిని సూడకురా! బంతి అబద్ధాలాడతాది. నడుం సూడు. నడుం ఎటు తిరిగితే మనిషి అటే."

అక్టోబరు 10

ఈరోజు పది అడుగులు బంతి పోనివ్వలేదు నేను! లాక్కున్నాడు, సరే. పది అడుగులు!!

అక్టోబరు 16

రోజూ. తవిటి కూడా వస్తున్నాడు, నాకంటే బాగా కొట్టేవాడు కావాలి కదా. నాతో ఇంకా ముభావమే. కానీ ఈరోజు మంచినీళ్ళ సీసా ముందు నాకే అందించాడు.

ఒక విషయం కనిపెట్టాను. ఢిల్లీ ఇప్పుడు ఎవరినీ ఎటూ తరమడం లేదు. ఆగి చూస్తున్నాడు. అరచేతులు బొబ్బలు. అడిగితే — "ఇప్పుడు నా సెయ్యే." ఎంత తేలికగా అన్నాడో.

అక్టోబరు 24, శుక్రవారం

మళ్ళీ సోంపేట. మళ్ళీ మన కోర్టు. 66–67.

ఆఖరి బంతి రింగు అంచున తిరిగి, తిరిగి... బయటికి.

మూడేళ్ళలో నాలుగో ఓటమి, రెండు నెలల్లో మూడోది. జనం "ఢిల్లీ పని అయిపోనాది" అనుకుంటూ వెళ్ళారు. సంతకానికి వచ్చినప్పుడు స్కోరు షీటు చూడనే లేదు. "నీది సూపించు" అన్నాడు. నా పుస్తకం తిప్పి పెట్టాను.

ఏడు చుక్కలు. పడమటి రింగు కింద ఒకటి, మధ్య గీత మీద ఒకటి, అంచు దగ్గర రెండు... ఏ రెండూ ఒకచోట లేవు.

ఒక్కొక్కదాని మీద వేలు పెట్టాడు. ఓడిపోయిన మనిషి ముఖం అలా ఉండడం నేను ఎప్పుడూ చూడలేదు. నాకూ సిగ్గు లేకుండా సంతోషంగా ఉంది, ఒక్క పాయింటుతో ఓడిపోయిన రోజున.

అవతల గోడ మీద నుంచి ఎవరో కేక వేశారు. ఓడిపోయినా కేకే. అమ్మ గొంతు. నాకు తెలియదా.

నవంబరు 9, ఆదివారం

మధ్యాహ్నం రైలుకి వెళ్ళాడు. సారు వెంట ఉన్నారు. చర్చి నుంచి నేరుగా స్టేషన్‌కి వెళ్ళాను, తవిటీ హేమా కూడా. వాళ్ళ నాన్న భావనపాడు నుంచి ఎండుచేపల పొట్లం తెచ్చారు. పెట్టెలో పెట్టొద్దని సారు, పెట్టమని ఆయన.

"రైల్లో వాంతులవ్వవు కదేటి రా?" అని వాళ్ళ నాన్నే అడిగాడు. ప్లాట్‌ఫారం అంతా నవ్వు.

రైలు కదిలాక చెయ్యి ఊపాడు. నేనూ ఊపాను.

నవంబరు 10

కబురు లేదు. మొదటి రోజు పరుగులు, గెంతులు మాత్రమేనట, సారు చెప్పి వెళ్ళారు. ఆట రేపు. జాబితా ఎల్లుండి.

ప్రాక్టికల్ రికార్డులో రెండు తప్పులు. ఎప్పుడూ చెయ్యను.

నవంబరు 11, మంగళవారం

సాయంత్రం ఫోను. వెనకాల బూట్ల కీచుకీచు, ఈలలు.

ఎలా ఆడావు అని నోటి దాకా వచ్చింది. వాడే ముందు అన్నాడు — "గెలిసేమా ఓడేమా అడక్కు. ప్రతి ఆటకీ జట్లు కలిపీసి మారుత్తన్నారు. పుస్తకం తీసినావా? ఎక్కడెక్కడో సెప్తాను, రాసుకో."

వంటింటి గట్టు మీదే కొత్త పేజీ. గీతలు చేత్తోనే, స్కేలు వెతికే తీరిక లేదు. అమ్మ దీపం... కాదు, తన ఫోను లైటు పట్టుకుంది, కరెంటు పోయింది.

"మజ్జి గీతకి కుడిపక్కన ఒకటి. పెట్టినావా?"

పెట్టాను.

"రింగు కింద ఒకటి. ఆడు నాకంటే పొడుగు, రూతూ, తాటిసెట్టే! ఎడం మూల ఒకటి. మల్లీ మజ్జిలో..."

నాలుగు. బయటి ఊరి పేజీలో, చెక్క నేల మీద.

"ఇనూ, అయిదోదుందే, అది—"

ఫోను కట్టయిపోయింది. తిరిగి చేస్తే అందుబాటులో లేదంటోంది. జాబితా రేపు పదకొండింటికి.

అమ్మ ఇంకా లైటు పట్టుకునే ఉంది. "అయిదోది ఎక్కడేసినాడట?"

తెలియదు. పెన్ను కాగితం పైనే పట్టుకుని ఉన్నాను...