నా ఆటను మూలకు తోశారు

సూరత్, నవాగామ్.

చిరంజీవి అమూల్యను బాపు మనసారా దీవించి రాస్తున్న ఉత్తరం. ఇక్కడ అందరం క్షేమమని రాయడం ఆచారం కాబట్టి రాస్తున్నాను. మీ అన్న జితేందర్, మీ వదిన కోమలి, నా మనవరాలు లాస్య బాగున్నారు. నా సంగతి చివరిదాకా చదివితే తెలుస్తుంది. అక్కడ నువ్వు, అల్లుడు కిశోర్, చిన్నోడు, వాణ్ణి ఎత్తుకునే మిషతో నిజామాబాద్ వచ్చి కూర్చుని నన్నిక్కడ దిక్కులేనివాణ్ణి చేసిన మీ అమ్మ కులాసాగా ఉన్నారని తలుస్తాను.

నీ ఉత్తరం అందింది. ఫోన్లో ‘ఊఁ, ఆఁ’ తప్ప మాట్లాడవేమని అడిగావు. రెండు గదుల ఇంట్లో ఏం మాట్లాడమంటావు తల్లీ? నేను హలో అనగానే వంటింట్లో మీ వదిన గరిటె ఆగిపోతుంది. అందుకే ఈ కాగితం పట్టుకున్నాను. బీపీ గోలీలు వేసుకుంటున్నాను. మీ సాంబయ్య పెదబాపుకు వచ్చినట్టు నీకూ రాకుండా కళ్ళు చూపించుకున్నావా అని అడిగావు. హజీరా ఫ్యాక్టరీలో ఇరవై ఏళ్ళు క్రేన్ నడిపినవాణ్ణి నేను. అంత ఎత్తున కూర్చుని, కింద నిలబడ్డవాడి వేలు ఎటు చూపిస్తోందో చెప్పేవాణ్ణి. నా కళ్ళకేం రోగం? ఆ మాట అక్కడితో వదిలెయ్. ఇక ఆఖరి ప్రశ్న, వదినతో ఎందుకు మాటలు మానేశావు అని. అంటే మీ అన్న అంతా నీ చెవిలో ఊదాడన్నమాట. సరే, నా దిక్కు మాట కూడా విని అప్పుడు తీర్పు చెప్పు.

నువ్వు కాలేజీలో ఉన్నప్పుడు నాకు కంప్యూటర్లో విమానాల ఆట వేసిచ్చావు కదా, దాని గురించే ఈ గొడవంతా. నవ్వకు. రోజూ మధ్యాహ్నం అన్నం తిన్నాక ఒక్క గంట ఆడతాను. ఆట తెరిస్తే తెర నిండా ఆకాశమే. అందులో గడియారం ఉండదు, మెసేజీలుండవు, చీరల ఫొటోలుండవు. నాలుగు దిక్కుల నుంచీ శత్రువుల విమానాలు వస్తుంటాయి, మధ్యలో నేనొక్కణ్ణే తప్పించుకుంటూ, కొడుతూ పోవాలి. క్రేన్ దిగిపోయాక ఈ చేతులకు కాస్త పని దొరికింది అక్కడే. ఇంతమంది ఉన్న ఇంట్లో ఆ గంటా నాది.

ఇప్పుడున్నది మీ వదిన కంప్యూటర్. మీ అన్న రింగ్ రోడ్ మార్కెట్లో చీరలు ఎంచి తెస్తాడు, ఆమె ఇంట్లో కూర్చుని ఆన్‌లైన్‌లో అమ్ముతుంది. కష్టపడే పిల్లే, కాదనను. పోయిన నెల నేను ఆడుతున్న వేళ పుణె నుంచి ఎవరో పెళ్ళికి చీరలు కావాలని మెసేజ్ పెట్టారట. తెర నిండా నా ఆటే ఉండేసరికి అది ఎవరికీ కనబడలేదు. ఈమె వచ్చి చూసేలోపు వాళ్ళు ఇంకెక్కడో కొనేసుకున్నారు. మధ్యలో బయటికి వచ్చి చూద్దామంటే కుదరదు, పాత ఆట కదా, కదిలిస్తే కంప్యూటర్ మొత్తం బిగుసుకుపోతుంది. ఇందులో నా తప్పేముంది చెప్పు?

మర్నాడు అన్నం తిని కూర్చున్నాను. నా ఆకాశం ఏది? తెరలో ఒక మూలకు అగ్గిపెట్టెంత డబ్బా, అందులో నా విమానం. మిగతా తెరంతా చీరలు, మెసేజీలు.

“ఇదేందిరా?” అన్నాను మీ అన్నతో.

“విండోల పెట్టిన బాపు. చిన్న ప్రోగ్రాం ఒకటి దొరికింది. తెర నిండ వచ్చే ఆట ఏదైనా గిట్ల చిన్నగ వచ్చి కూసుంటది. నీ ఆట నువ్వు ఆడుకోవచ్చు, పక్కకు కోమలి ఆర్డర్లు గూడ కనబడతయ్. దోనోఁ కా కామ్ హో గయా.”

వెనక నుంచి మీ వదిన అందుకుంది. “మామా, మెసేజ్ వస్తె జర నన్ను పిలువుండ్రి. బస్, గంతే.”

బస్, గంతేనట! ఒళ్ళు మండిపోయింది నాకు. కిందున్న మనుషుల ప్రాణాలు నా చేతిలో పెట్టుకుని టన్నుల ఇనుము ఎత్తి దించినవాణ్ణి తెచ్చి చీరల దుకాణానికి కాపలా కూర్చోబెట్టారు. అడిగారా? ఒక్క మాట అడిగారా? ముసలోడు ఆడుకునే బొమ్మే కదా, ఎక్కడ పెడితే ఏంలే అనుకున్నారు. మీ వదినకు ఇంట్లో మనిషి కనబడడు అమూల్యా, ఆర్డరే కనబడుతుంది. నేనీ మాట కోపంలో రాయడం లేదు. కోపంలోనే రాస్తున్నాను, అయినా నిజమే.

కొన్నాళ్ళు పంతానికి ఆ డబ్బాలోనే ఆడాను. టింగుమని మోగినప్పుడల్లా “కోమలీ, చీర!” అని అరిచేవాణ్ణి. పక్కింటి వాళ్ళు కూడా వచ్చి చీరలేవో చూపించమన్నారు. విచిత్రం ఏమిటంటే, ఆ డబ్బాలో నాకు ఎన్నడూ రానన్ని మార్కులు వచ్చాయి. కానీ మండిపోతున్న మనిషికి మార్కులతో పనేముంది? ఒకరోజు మౌసు పక్కకు తోసేసి, “ఇది ఇల్లా, దుకాణమా?” అని అరిచి, మంచమెక్కి గోడవైపు తిరిగి పడుకున్నాను. ఆ రోజు నుంచి మీ వదినతో మాటలు బంద్. ఆమె చాయ్ తెచ్చి పెడితే లాస్యను పిలిచి, “మీ అమ్మకు చెప్పు, చక్కెర తక్కువైంది” అనేవాణ్ణి. మీ అమ్మ ఉంటే, కోపంతో బావిలో దూకితే సంతోషంతో లేస్తావా అని నాలుగు అంటించేది. ఆమె లేదు కాబట్టి నా కోపానికి అడ్డెవరూ లేకపోయారు.

చివరికి వాళ్ళే దిగొచ్చారు. మీ అన్న ఆటను మళ్ళీ తెర నిండా పెట్టాడు. ఆ గంటసేపు మీ వదిన పగిలిన తన ఫోన్లోనే ఆర్డర్లు చూసుకుంటానంది. నేను గెలిచాను. కుర్చీ దగ్గరికి లాక్కుని దర్జాగా కూర్చున్నాను.

కూర్చున్నవాణ్ణి కూర్చున్నట్టే ఓడిపోయాను. ఎటు నుంచి వస్తున్నాయో తెలియదు, విమానాలు వచ్చి గుద్దేస్తున్నాయి. మర్నాడూ అంతే. విండోలో పెట్టకముందు కూడా కొన్నాళ్ళుగా ఇలాగే ఓడుతుంటే కొత్త మౌసును తిట్టుకున్నాను. ఈసారి మీ అన్నను పట్టుకున్నాను.

“ఆటను ఖరాబ్ చేసినవు గదరా? నేను విసిగి నా అంతట నేను మానెయ్యాలని!”

“అరే బాపు, నేనేం చెయ్యలె! అదే ఆట. నీ కసం!”

నేను నమ్మలేదు. ఎవరూ లేని వేళ చూసి నేనే ఆటను మళ్ళీ చిన్నగా చేశాను. రెండు మీటలు కలిపి నొక్కితే చాలు, మీ అన్న చేస్తుంటే చూశాను. చిన్న డబ్బాలో ఒక్క విమానం కూడా నన్ను తాకలేదు. పెద్దగా చేశాను, గుద్దేశాయి. మళ్ళీ చిన్నగా చేశాను, మళ్ళీ గెలిచాను. అప్పుడు నా చెయ్యి మౌసు మీదే ఆగిపోయింది.

అమూల్యా, పైన నా కళ్ళకేం రోగమని రాశాను కదా. అది అబద్ధం. అది కొట్టేసి మళ్ళీ రాయొచ్చు గానీ, నేనెంత మొండివాణ్ణో నీకు తెలియాలని ఉంచేశాను.

తెర మధ్యలో నా విమానాన్ని చూస్తూ ఒక కన్ను మూశాను. బల్ల ఎడమ చివర మంచినీళ్ళ గ్లాసు ఉంది. అది లేదు. తల తిప్పితే ఉంది. మళ్ళీ ముందుకు చూస్తే లేదు. రెండో కన్ను మూసి చూశాను, అటు చివర కూడా అంతే. ఎదురుగా ఉన్నది నాకు శుభ్రంగా కనబడుతుంది, పేపర్లో చిన్న అక్షరం కూడా చదువుతాను. పక్కలే పోయాయి. అందుకే చిన్న డబ్బాలో గెలుస్తున్నాను, తెర నిండా ఉంటే ఓడుతున్నాను. ఆడలేక మద్దెల ఓడన్నాడట ఎవడో. నేను మౌసును అన్నాను, కొడుకును అన్నాను, కోడల్ని అన్నాను.

మీ సాంబయ్య పెదబాపు మగ్గం మీద నుంచి లేచి తలుపు చెక్కకు గుద్దుకునేవాడు. పట్టపగలే తాగాడని మేమంతా నవ్వాం. పెద్ద దవాఖానకు తీసుకుపోయేసరికి ఆలస్యమైంది. నీటికాసుల జబ్బని, పోయిన చూపు తిరిగి రాదని, ముందే వస్తే మిగిలింది కాపాడేవాళ్ళమని డాక్టరమ్మ కోప్పడింది. ఆ మాట ఆమె మా అన్నకు చెబుతుంటే పక్కన నిలబడి విన్నవాణ్ణి నేనే.

అంతటితో అయిపోతే నాకు ఇంత బాధ లేదు. రోజూ లాస్యను స్కూటర్ ముందర నిలబెట్టుకుని బడికి దింపేది నేనే కదా. పోయిన వారం, ఆ గ్లాసు సంగతి బయటపడ్డ రోజు పొద్దునే, డిండోలీ మలుపులో కూరగాయల బుట్ట పట్టుకున్న ఒకామెకు నా హ్యాండిల్ తగిలింది. వంకాయలన్నీ రోడ్డు మీద దొర్లాయి. “కాకా, దేఖాతుఁ నథీ?” అంది, కనబడటం లేదా అని. నేను ఊరుకున్నానా? రోడ్డు నీ అబ్బ సొమ్మా అని నడిబజార్లో ఆమెనే దులిపేశాను. బండి కదిలాక లాస్య అడిగింది, “తాతా, ఆ మాసీ చాలాసేపటి సంది ఆడనే నిలబడ్డది గద, నీకు కనబడలేదా?” అని. మాట్లాడకుండా సరిగ్గా నిలబడమని దాన్నీ కసిరాను. ఆమె స్థానంలో లారీ ఉంటే ఏమయ్యేదో ఆలోచించు. నా ముందు నిలబడింది ఎవరు?

మర్నాడు పొద్దున లాస్య బస్తా తగిలించుకుని వచ్చి నిలబడితే, స్కూటర్ చెడిపోయిందని చెప్పాను. మీ అన్న దాన్ని మెకానిక్ దగ్గరికి నెట్టుకుపోయాడు. వాడు ఒక్క కిక్కు కొట్టి, బండి కొత్త పెళ్ళికూతురిలా ఉంది, మీకే ఏదో అయిందన్నాడట. మీ అన్న నా మొహం చూసి ఏమీ అనలేదు. మీ వదిన అంది. ఇన్ని రోజుల తర్వాత నా ఎదురుగా వచ్చి నిలబడి అంది.

“మామా, నా మీద కోపముంటె నన్ను తిట్టుండ్రి. రెండు దెబ్బలు కొట్టుండ్రి. పిల్ల ఏం చేసింది? పిల్లను ఎందుకు దూరం పెడుతున్నరు?”

కోడలు అలా అడుగుతుంటే గోడవైపు తిరిగి పడుకున్నాను. నేను లాస్యను దూరం పెట్టడమా! ఆ పిల్ల కోసమే కదా ఈ అబద్ధమంతా. చెబితే ఏమవుతుందో నాకు తెలుసు. తాళం లాక్కుంటారు, చెయ్యి పట్టుకుని నడిపిస్తారు, తాతకు కనబడదు పక్కకు జరుగు అని పిల్లకు నేర్పిస్తారు. అది తలుచుకుంటే నాకు ఏడుపు రావడం లేదు, కోపమే వస్తోంది. ఎవరి మీదో తెలియక అందరి మీదా పడుతున్నాను.

ఈ ఉత్తరం నీకు పోస్టు చేస్తే నువ్వు మీ అన్నకు ఫోన్ చేస్తావు, వాడు కోమలికి చెబుతాడు, నా మొహం నేను చూపించక్కర్లేదు అనుకుని మొదలుపెట్టాను. ఇక్కడిదాకా వచ్చాక సిగ్గేస్తోంది. ఆమె అవతలి గదిలో చీరలు మడత పెడుతోంది, నేనిక్కడ కూర్చుని నిజామాబాద్ మీదుగా ఆమెకు కబురు పంపుతున్నాను. సూరత్‌లో పుట్టి గుజరాతీ బడిలో చదివిన పిల్ల, తెలుగు చదవడం రాదు. ఈ కాగితం బల్ల మీద వదిలేసి బజారుకు పోయినా లాభం లేదు. నేనే చదివి వినిపించాలి. మంచి మాటలు చదివి, తిట్లు వచ్చిన చోట దాటేస్తే అది చదివినట్టు కాదు. పిలుస్తున్నాను. మిగతాది తర్వాత రాస్తాను.

చదివాను అమూల్యా. మొదటి నుంచి అక్షరం వదలకుండా చదివాను. ఇంట్లో మనిషి కనబడడు అన్న దగ్గర కూడా ఆగలేదు. ఆమె నా ఎడమ పక్కన పీట మీద కూర్చుంది. చదవడం అయ్యాక ఆమె ఇంకా కూర్చునే ఉందో, ఛీ అనుకుని లేచిపోయిందో అర్థం కాలేదు. ముక్కు చీదిన చప్పుడు విని తల తిప్పితే అప్పుడు కనబడింది. ఎప్పటి నుంచి ఏడుస్తోందో, చున్నీ కొసంతా తడిసిపోయి ఉంది.

“పిల్ల మీద కోపం గాదు గద మామా?” అంది.

“కాదు బిడ్డా.”

“నా మీద?”

“నీ మీద ఉండె. ఇంక కొంచెం ఉన్నది.”

ఏడుస్తూనే నవ్వింది. తర్వాత లేచి, మేకుకు ఉన్న స్కూటర్ తాళం తీసి గుప్పిట్లో పెట్టుకుంది. “రేపు పొద్దుగాల లాస్యను నేను దింపుత. ఆడికెంచి సీదా కండ్ల డాక్టర్ దగ్గరికి. మీరు నా ఎనక కూసోవాలె.”

నన్ను అడిగిందా? అడగలేదు. నా స్కూటర్, నా తాళం, నేను ఆమె వెనక కూర్చోవాలట! మాట నోటిదాకా వచ్చింది, మింగేశాను. సరే బిడ్డా అన్నాను. ఆమె అటు వెళ్ళాక మళ్ళీ ఈ కాగితం పట్టుకున్నాను. నాకు భయంగా ఉంది అమూల్యా. ఇది మాత్రం ఆమెకు చదివి వినిపించలేదు, నీకే రాస్తున్నాను. డాక్టర్ ఏం చెప్పినా మీ అమ్మకు నువ్వు పక్కన కూర్చుని చెప్పు. వీలు చూసుకుని ఆమెను పంపించెయ్.

ఇట్లు,
నీ బాపు
నాగభూషణం