అసలు కదలలేదు

ప్రియమైన మా ఇంటావిడకి,

ఇక్కడ నేను బాగానే ఉన్నాను. అమ్మాయి హాస్టల్లో బాగానే ఉంది. పోయిన ఆదివారం వచ్చి నా చొక్కాలకు ఊడిన గుండీలన్నీ కుట్టి, నాలుగు చీవాట్లు పెట్టి వెళ్లింది. ఆ చీవాట్లు అచ్చం నీవే, మాట కూడా మారలేదు. అక్కడ నువ్వూ, నువ్వు చూసుకుంటున్న పెద్దావిడా కులాసాగా ఉన్నారనే నమ్మకంతో రాస్తున్నాను.

నీ ఉత్తరం అంది చాలా రోజులైంది. "ఫోన్లో మీరు ఊఁ, ఆఁ తప్ప ఇంకో ముక్క పలకరు. కాయితం మీదైతే ఎక్కడికీ పారిపోలేరు" అని రాశావు. నిజమే. అందుకే ఇన్నాళ్లూ కాయితం జోలికి రాలేదు.

ముందు నువ్వు అడిగినవాటికి జవాబులు. మోకాలు పర్వాలేదు. నువ్వు పంపిన తైలం రోజూ రాస్తున్నాను. ఆ వాసనకి మా సూపర్‌వైజరు దూరంగా నిలబడి మాట్లాడుతున్నాడు, అదొక లాభం. అమ్మాయి ఫీజు కట్టేశాను. నీ కుట్టు మిషను భద్రంగా ఉంది, దుమ్ము పడకుండా పాత దుప్పటి కప్పాను. పెద్దావిడకి వీపు మీద పుండ్లు పడకుండా దుప్పటి మడతపెట్టే కిటుకు నువ్వే కనిపెట్టావనీ, డాక్టరు మెచ్చుకున్నాడనీ రాశావు కదా, అది అమ్మాయికి చదివి వినిపించాను. "అమ్మని మెచ్చుకునేవాళ్లు అక్కడైనా దొరికారు" అంది, నా వంక చూస్తూ. ఇక ఇల్లు ఎలా ఉంది, ముందు గదికి రంగు వేయించారా అని అడిగావు. ఇంటి సంగతి చివర్లో రాస్తాను. దానికి కొంచెం తీరిక కావాలి.

నీ పెద్ద ప్రశ్న దగ్గరికి వస్తాను. పదిహేనేళ్ల ఇంటి అప్పులో పన్నెండేళ్లు అయిపోయాయి, మిగిలింది మూడేళ్లేగా, నేను దాచిందంతా ఇచ్చేస్తే ఒక్కసారే తీరిపోతుందేమో, బ్యాంకుకి వెళ్లి కనుక్కోండి అన్నావు. తీరుతుందంటే ఈ నెలాఖరుకి పని మానేస్తానని పెద్దావిడ కొడుకుతో చెప్పేస్తానన్నావు. "ఇక మన ఇంట్లో మనం ఉందాం" అని రాసి, దాని కింద గీత కూడా గీశావు.

సగం పూట సెలవు పెట్టి వెళ్లాను.

అదే బ్యాంకు, అదే మెట్లు. లోపల కుర్చీలు మారాయి. మనం సంతకాలు పెట్టిన రోజు గుర్తొచ్చింది. పేజీ తర్వాత పేజీ ఇస్తుంటే, చెయ్యి నొప్పెట్టి "పెళ్లికి కూడా ఇన్ని సంతకాలు లేవండీ" అన్నావు. ఆఫీసరు కూడా నవ్వాడు. ఆ రోజు ఆయన మనల్ని అడిగింది ఒకటే: "నెలకి ఇంత కట్టగలరా?" మనం ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం. నువ్వు వేళ్ల మీద లెక్కేశావు. నా జీతం, సొంతింటికి మారితే మిగిలే అద్దె, పాలు, అమ్మాయి బడి. "కట్టగలం" అన్నావు. మొత్తం ఎంతవుతుందని మనం అడగలేదు, ఆయనా చెప్పలేదు. కూరలబండి దగ్గర తూకం కళ్లారా చూసి, చిల్లర రెండుసార్లు లెక్కపెట్టుకునే మనిషివి నువ్వు. పావు అంగుళం తేడా వస్తే లిఫ్టు తలుపు మూసుకోదని తెలిసిన మెకానిక్కుని నేను. మనిద్దరం కలిసి ఇల్లు కొనేటప్పుడు నెల వాయిదా ఒక్కటే చూశాం.

ఇప్పుడు ఆ సీట్లో ఒక అమ్మాయి ఉంది. మన అమ్మాయికి అక్క వరస అనుకో. మర్యాదగా కూర్చోబెట్టింది.

"అప్పు మొత్తం ఒకేసారి కట్టేద్దామని ఉందమ్మా. ఎంతవుతుందో చెబుతారా?" అన్నాను. ఆ మాట అనేటప్పుడు నా గొంతులో కాస్త గర్వం ఉందని ఒప్పుకుంటాను.

ఆమె నంబరు కొట్టి స్క్రీను నా వైపు తిప్పింది. నేను కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చూశాను.

"ఇది మేం మొదట తీసుకున్నదండీ. ఇప్పుడు మిగిలింది అడుగుతున్నాను."

"మిగిలిందే సర్ ఇది. మొదట తీసుకున్నది పైన ఉంది, చూడండి."

పైదానికీ కిందదానికీ పెద్ద తేడా లేదు. పది వంతుల్లో ఒక వంతు తగ్గిందేమో.

"పన్నెండేళ్లుగా కడుతున్నామమ్మా. ఒక్క నెల కూడా..." అని ఆగిపోయాను. ఆ ఏడాది గుర్తొచ్చింది. లిఫ్టు బరువు జారి నా చెయ్యి నలిగిన ఏడాది. జీతం లేక ఇంట్లో కూర్చున్నాను. బ్యాంకువాళ్లే ఫోన్ చేసి, కొన్నాళ్లు కట్టకపోయినా పర్వాలేదు, ఒక కాయితం మీద సంతకం పెడితే చాలు అన్నారు. కట్టుతో ఉన్న చేత్తో నేను గీకాను, నువ్వు వంట మధ్యలో తడిచెయ్యి కొంగుకి తుడుచుకుని సంతకం పెట్టావు. బ్యాంకంటే ఇలా ఉండాలి అని పక్కింటివాళ్లకి కూడా చెప్పుకున్నాం.

ఆ అమ్మాయి ఓపిగ్గా చెప్పింది. "కట్టని నెలల వడ్డీ అంతా అసల్లో కలిసింది సర్. ఆ కాయితంతో గడువు కూడా కొత్తగా మొదలైంది. ఆ తర్వాత వడ్డీ రేటు చాలాసార్లు పెరిగింది."

"నెల వాయిదా పెరగలేదుగా?"

"అది పెరగకుండా ఉండాలనే గడువు పెంచుతూ వచ్చాం. ప్రతిసారీ మెసేజీ పంపాం కదా సర్. మీరు కట్టేదాంట్లో చాలావరకు వడ్డీకే పోతోంది. అసలు పెద్దగా కదల్లేదు."

అసలు కదల్లేదట. మా పనిలో ఇలాంటి ఫిర్యాదు ఒకటి వస్తుంటుంది. మోటారు తిరుగుతూనే ఉంటుంది, కరెంటు ఖర్చవుతూనే ఉంటుంది, లిఫ్టు మాత్రం ఉన్న అంతస్తులోనే ఉంటుంది. చక్రం మీద తాడు జారుతోందన్నమాట. చెవికి వినిపిస్తుంది గనక పట్టుకుంటాం. దీనికి చప్పుడే లేదు. రేట్లు పెరిగి అందరూ గగ్గోలు పెడుతుంటే, మన వాయిదా మాత్రం పెరగలేదని ఫోన్లో నీకు గొప్పగా చెప్పింది నేనే.

"ఎప్పటికి తీరుతుందమ్మా?"

"మీకిప్పుడు యాభై నాలుగు కదా సర్... డెబ్బై రెండుకి." స్క్రీను మీంచి తల తిప్పింది. "మీ రిటైర్మెంటు ఎప్పుడు సర్?"

చివరికి మొత్తం ఎంత కట్టినట్టవుతుందని అడిగాను. ఆమె లెక్క చూసి, ఇల్లు కొన్న ధరకి దాదాపు మూడింతలు అంది.

"అంటే మూడు ఇళ్లు కొని ఒక ఇంట్లో ఉంటామన్నమాట" అన్నాను. ఆమె నవ్వబోయి ఆపుకుంది. మంచినీళ్లు తెప్పించింది. తప్పు ఆ పిల్లది కాదు. నేను లేచేటప్పుడు గొంతు తగ్గించి, "మా ఆయనా నేనూ ముప్పై ఏళ్ల అప్పు తీసుకున్నాం సర్" అంది. ఆరోగ్యం జాగ్రత్తమ్మా అని చెప్పి వచ్చేశాను.

నువ్వు దాచిన డబ్బు సంగతి కూడా అడిగాను. అదంతా కట్టేస్తే రెండు మూడేళ్లు తగ్గుతుందట. ఏడేళ్లు పరాయి ఇంట్లో పరాయి మనిషికి తిండి పెట్టి, ఒళ్లు తుడిచి నువ్వు కూడబెట్టినది, చివర్న రెండు మూడేళ్లు తగ్గిస్తుంది. అదీ రేటు మళ్లీ పెరగకపోతే.

అమ్మేద్దాం, పీడా పోతుంది అని నువ్వు అంటావు. నాకూ అదే తోచింది. ఇళ్ల బ్రోకర్ని తీసుకెళ్లి చూపించాను. మనిషి మూడో అంతస్తు ఎక్కేసరికి ఆయాసపడ్డాడు. "మీరు లిఫ్టు మెకానిక్కు, మీ బిల్డింగుకేమో లిఫ్టు లేదు, బాగుందండీ" అన్నాడు. తర్వాత కిటికీ తెరిచాడు. నువ్వు వెళ్లాక ఎదురుగా ఫ్లైఓవరు వచ్చిందని ఫోన్లో చెప్పాను కదా. అది ఎంత దగ్గరో చెప్పలేదు. బస్సులో కూర్చున్నవాళ్ల మొహాలు కనిపిస్తాయి. బ్రోకరు కిటికీ మూసేసి ఒక ధర చెప్పాడు. అది మన బాకీ కంటే తక్కువ. ఎంత తక్కువంటే, నువ్వు దాచింది కలిపినా సరిపోదు. బాకీ మొత్తం కడితేనే బ్యాంకు కాయితాలు వదులుతుంది. ఉంచుకుందామంటే మోయలేం, వదిలించుకుందామంటే దానికీ మన దగ్గర డబ్బు లేదు. ఇద్దరు ముగ్గుర్ని అడిగి చూశాను. అందరూ ఇదే లెక్క చెప్పారు.

ఇక ఇంటి సంగతి.

మన ఇంట్లో నేను ఉండటం లేదు. పోయిన ఏడాది మా కంపెనీ పాతవాళ్లందరినీ తీసేసి, అదే పనికి కాంట్రాక్టు మీద పెట్టుకుంది. అవే లిఫ్టులు, అవే పనిముట్లు, జీతం మాత్రం సగం. నీకు చెబితే మళ్లీ మొదట్లోలాగా రాత్రిళ్లు ఇంకో రోగి దగ్గర కూడా కూర్చుంటావని భయపడ్డాను. అప్పుడు సన్నబడిపోయి ఎలా వచ్చావో నాకింకా కళ్ల ముందే ఉంది. అందుకని ఇల్లు అద్దెకిచ్చేశాను. ఆ అద్దె, నా జీతం కలిపి వాయిదాకి పోతున్నాయి. నువ్వు పంపేది అమ్మాయి చదువుకి పోతోంది.

నేనుంటున్నది మా కంపెనీ చూసే ఒక పాత అపార్టుమెంటులో. డాబా మీద లిఫ్టు మోటారు గది ఉంటుంది కదా, అందులో. అద్దె తీసుకోరు, బదులుగా వాళ్ల లిఫ్టు చూసిపెడుతున్నాను. మోటారు పక్కన మడత మంచం పడుతుంది, గోడవారగా నీ కుట్టు మిషను పట్టింది. కింద ఎవరు బటన్ నొక్కినా నా తల పక్కన మోటారు లేస్తుంది. ఫోన్లో ఆ శబ్దం ఏమిటని నువ్వు అడిగితే పక్కింటివాళ్ల మిక్సీ అన్నాను. "వాళ్లు రోజంతా ఏం రుబ్బుతారండీ" అన్నావు. నవ్వేశాను, ఆ తర్వాత మోటారు తిరుగుతుంటే నీ ఫోన్ ఎత్తడం మానేశాను. అమ్మాయికి ఇదంతా తెలుసు. నీకు చెప్పొద్దని ఒట్టు వేయించుకున్నాను, ఏడాదిగా ఆ ఒట్టు మోస్తోంది. మొన్న బ్యాంకు మాట చెప్పాక, "నాన్నా, అమ్మకి నువ్వు చెప్తావా, నన్ను చెప్పమంటావా?" అంది. చీవాట్లు కూడా పెట్టలేదు. ఆ గొంతు విన్నాకే ఈ ఉత్తరం మొదలుపెట్టాను.

అద్దెకున్నవాళ్లు కొత్తగా పెళ్లయిన జంట. మంచివాళ్లే. పోయిన వారం కుళాయి కారుతోందంటే వెళ్లాను. గుమ్మంలో అడుగు పెట్టబోతుంటే ఆ అమ్మాయి, "అంకుల్, చెప్పులు బయట విప్పండి, ఇప్పుడే తుడిచాను" అంది. విప్పాను. కుళాయి బిగించాక, వంటగట్టు చూపించింది.

"ఇది మరీ కిందికి ఉంది అంకుల్. వంగి వంగి నడుము పడిపోతోంది. ఖర్చు మేం పెట్టుకుంటాం, కాస్త ఎత్తు చేయించుకోమా?"

నువ్వు పొట్టిదానివని, బిల్డరు మనిషితో పోట్లాడి మరీ తగ్గించి కట్టించుకున్న గట్టు అది. పిండి కలపడానికి ముక్కాలిపీట ఎక్కక్కర్లేదని ఎంత సంబరపడ్డావు. దాని దగ్గర నువ్వు వంట చేసింది అయిదేళ్లేగా.

"అది మా ఆవిడ ఎత్తుకి కట్టించిందమ్మా. అలాగే ఉండనివ్వండి" అన్నాను.

"ఆంటీ ఇక్కడ ఉండరు కదా అంకుల్" అంది ఆ అమ్మాయి. వెటకారం ఏమీ లేదు, తెలియక అడిగింది.

రెండు రోజులు ఆలోచించాను. వాళ్లు వేరే ఇల్లు చూసుకుంటే ఆ నెల వాయిదా నేను కట్టలేను. సరేనని కబురు పెట్టాను. నిన్న తాపీమేస్త్రి వచ్చాడు. ఆ రాతిబండ నువ్వు ఏరి తెచ్చుకున్నది, పగలకుండా తియ్యి నాయనా అని దగ్గర నిలబడి చెప్పాను. జాగ్రత్తగానే తీశాడు. అయినా నడిమికి పగిలింది.

ఇంత ఉత్తరం రాసింది ఒక్క మాట కోసం. ఆ మాట ఫోన్లో చెప్పడానికి నోరు రాలేదు. పని మానేస్తానని పెద్దావిడ కొడుకుతో ఇంకా చెప్పి ఉండకపోతే, చెప్పకు. చెప్పేసి ఉంటే, ఇంకొన్నాళ్లు ఉంచుకోమని అడుగు. ఆయన మంచివాడని నువ్వే రాశావు కదా, కాదనడు. ఎప్పుడు రమ్మంటారని అడిగావు. నాకు తెలియదు. ఒక తేదీ రాద్దామని చాలాసేపు కూర్చున్నాను, ఏది రాసినా అబద్ధమే అవుతోంది. అలవాటు కొద్దీ అదీ రాసేసేవాణ్ణే, కానీ అమ్మాయి, తను చదివాకే పోస్టు చేయాలంది.

కోపం వస్తే ఫోన్ చేసి తిట్టు. మోటారు చప్పుడవుతున్నా ఇకనుంచి ఎత్తుతాను.

ఇట్లు,
నువ్వు ఏమంటావోనని భయపడుతూ,
నీ ఆయన